తిరుత్తణి కృతులు : మేళనామములలోని సంఖ్యాభాష

తిరుత్తణి కొండ నెక్కు భక్తులు 365 మెట్లు లెక్కింతురు. అవి సంవత్సరమునందలి దినములకు గుర్తులని పెద్దలు చెప్పుదురు. తిరువళ్లూరు వీరరాఘవస్వామి సన్నిధిలో అష్టాక్షరి జపించువారు అక్షరముల లెక్క తప్పకుండ జపింతురు. అంకెను దైవసన్నిధికి సోపానముగా జేసికొనుట మన ప్రాంతమువారికి క్రొత్త విషయము కాదు. కాని అంకెను అక్షరముగను, అక్షరమును నామముగను, నామమును రాగముగను మార్చి, ఆ రాగమును దేవునకు నివేదించిన విద్య యొకటి కలదు. ఆ విద్యను కులధనముగా బొందిన ముత్తుస్వామి దీక్షితులు (1775-1835) తమ తొలి కృతిని తిరుత్తణి కొండమీదనే పాడిరని వారి వంశీయులు వ్రాసియుంచిన చరిత్ర చెప్పుచున్నది. ఆ చరిత్ర తెలుగున వ్రాయబడినది. కావున ఈ విషయమును తిరువళ్లూరు, తిరుత్తణి సీమల తెలుగువారు విచారించుట యుచితము.

ఈ వ్యాసమున నేను ప్రతిపాదింపదలచినవి మూడు. మొదటిది, డెబ్బది రెండు మేళకర్తల నామములు కేవలము జ్ఞాపకపు గుర్తులు గావు. వానికొక వ్యాకరణము కలదు. అది గణితముపై గట్టిన యొక కల్పితభాష. రెండవది, ఆ భాషలో గణిత మెంతవరకు ప్రవర్తించునో, ఎచ్చట గవిత్వమునకు దారి విడుచునో తిరుత్తణి కృతులు మనకు జూపును. మూడవది, ఆ భాషను దోషము లేకుండ వ్రాయగల లిపులలో మన తెలుగు లిపి యొకటి. మన పిల్లలు దానిని చదువలేనినాడు ఆ భాష మన యిండ్లలో మూగవోవును.

కల్పితభాష యన నెట్టిది?

అంకెలతోడను స్వరములతోడను భాషను నిర్మింపవలెనను కోరిక లోకమున బలువురకు గలిగినది. జర్మను తత్త్వవేత్త లైబ్నిట్జు 1666లో ప్రకటించిన గ్రంథమున, మూలభావములను కొన్నింటిని సంఖ్యలవలె గలిపి సమస్త జ్ఞానమును సాధింపవచ్చునని తలపోసెను. ఫ్రాన్సు దేశమున సూద్రు అను సంగీతోపాధ్యాయుడు (1787-1862) ఏడు స్వరముల పేళ్లతోనే పదములన్నియు గూర్చి సోల్‌రెసోల్ అను భాషను గల్పించెను. దానిని గొంతుతో బాడవచ్చును, వాద్యముపై బలికింపవచ్చును. కాని యా భాషలో నిత్యవ్యవహారము నెరపిన జనసముదాయ మేదియు నేర్పడలేదు.

మన పొరుగున కన్నడ దేశమందు 1953లో బ్రకటితమైన సిరిభూవలయము మఱొకరీతి గ్రంథము. అందు గద్యముగాని పద్యముగాని కంటికి గానరాదు; 27 నిలువు గదులు, 27 అడ్డు గదులు గల చక్రములలో అంకెలు మాత్రమే యుండును. 1 మొదలు 64 వఱకు గల యంకెలు అక్షరములకు సంకేతములు. చక్రమున నడచు మార్గమును బట్టి శ్లోకములు వెలువడునని చెప్పుదురు. అందు వందలకొలది భాషల గ్రంథములు దాగియున్నవను వాదము పండితులందఱి యంగీకారమును బొందలేదు. ఇట్టి వాదములయందు విమర్శకుడు కోరవలసిన ప్రమాణ మొక్కటియే: ఎవడైన తన లెక్క తాను వేసికొని సరిచూచుకొనుటకు వీలుండవలెను. మేళనామముల భాష యీ పరీక్షకు నిలుచును. పలకయు బలపమును ఉన్న బాలుడైనను దానిని సరిచూడగలడు. అందువలననే దానిని నే నిచ్చట గైకొంటిని.

డెబ్బది రెండింటి పుట్టుక

తంజావూరు నాయకరాజుల యాస్థానమున గోవింద దీక్షితుల కుమారుడగు వేంకటమఖి 17వ శతాబ్దమున చతుర్దండీప్రకాశికను రచించెను. అతనికి బూర్వము విజయనగర కాలమున, 1550లో, రామామాత్యుడు స్వరమేళకళానిధిలో వాడుకలోనున్న మేళములను వర్గీకరించెను. వేంకటమఖి ఆ మార్గమును విడిచి, వాడుకలో నెన్ని యున్నవను ప్రశ్నకు బదులు, ఎన్ని సాధ్యములను ప్రశ్న వేసికొనెను. ఈ ప్రశ్న గణితజ్ఞుని ప్రశ్న.

లెక్క సులభమైనది. షడ్జ పంచమములు చలింపవు. వాని నడుమ మధ్యమమునకు రెండు స్థానములు. షడ్జమునకును మధ్యమమునకును మధ్య నాలుగు స్థానములు గలవు. వానిలో గ్రింది దానిని రిషభముగను, పైదానిని గాంధారముగను గైకొన్నచో ఆఱు జంటలు గలుగును. అట్లే ధైవత నిషాదముల జంట లాఱు. ఆఱును ఆఱుచే గుణించి, మధ్యమ భేదముచే రెండింతలు చేసిన 72. ఒక్కటి యెక్కువ కాదు, ఒక్కటి తక్కువ కాదు.

ఆ నాటి వాడుకలో నున్నవని వేంకటమఖి గుర్తించినవి 19 మేళములు మాత్రమే. మిగిలిన గదు లప్పటికి శూన్యములు. 1869లో మెండలీవు మూలద్రవ్యముల పట్టికను గూర్చి, కనుగొనబడని ద్రవ్యములకు ఖాళీ గదులు విడిచిన వృత్తాంతము రసాయనశాస్త్రము చదివినవా రెఱుగుదురు. వేంకటమఖి చేసినదియు నట్టిదే. అయితే ఒక భేదము కలదు. ప్రకృతి తన ద్రవ్యములను తానే చూపినది. ఈ శూన్యమేళములకు బ్రాణము పోయుట మాత్రము గాయకుల పని యయ్యెను. వివాది స్వరములు గల మేళములు 72లో 40 గలవు. రిషభ గాంధారముల యాఱు జంటలలో మొదటిదియు గడపటిదియు, అట్లే ధైవత నిషాదముల జంటలలో మొదటిదియు గడపటిదియు వివాదములు గావున, మిగిలిన నాలుగును నాలుగును గుణించి రెండింతలు చేసిన 32 మాత్రమే నిర్వివాదములు. వ్యాకరణము సాధించియిచ్చిన రూపములన్నియు లోకమున వాడుకకు రానట్లే, ఈ గణితము సాధించియిచ్చిన మేళములలో సగమునకు బైగా గొంతునకు గష్టములు.

సంఖ్య నామమైన విధము

72 మేళములకు బేళ్లు పెట్టుటలో మూడు వేర్వేఱు సంఖ్యాలిపు లుపయోగింపబడినవి.

మొదటిది భూతసంఖ్య. ఆఱేసి మేళముల నొక్క చక్రముగా జేసి, పండ్రెండు చక్రములకును ఇందు, నేత్ర, అగ్ని, వేద, బాణ, ఋతు, ఋషి, వసు, బ్రహ్మ, దిశి, రుద్ర, ఆదిత్య అని పేళ్లిడిరి. చంద్రు డొక్కడు, నేత్రములు రెండు, అగ్నులు మూడు, వేదములు నాలుగు. మన శాసనములలో శకసంవత్సరములను జెప్పిన పద్ధతియే యిది.

రెండవది కటపయాది. క మొదలు ఝ వఱకు 1 నుండి 9, ఞ సున్న. ట మొదలు ధ వఱకు 1 నుండి 9, న సున్న. ప మొదలు మ వఱకు 1 నుండి 5. య మొదలు హ వఱకు 1 నుండి 8. అంకెలు కుడినుండి యెడమకు నడచును, అనగా మొదటి యక్షరము ఒకట్ల స్థానము. ఈ పద్ధతి కేరళ జ్యోతిషులలో బ్రాచీనము; క్రీ.శ. 683 నాటి హరిదత్తుని గ్రహచారనిబంధనమున దీని వాడుక కలదు. గ్రహగతులను గుర్తుంచుకొనుటకు బుట్టిన యుపాయము వేయి సంవత్సరములు గడచిన పిమ్మట సంగీతమున బ్రవేశించినది.

మూడవది స్వరాక్షరముల గుణింతము. ర, రి, రు, గ, గి, గు, మ, మి, ధ, ధి, ధు, న, ని, ను. అచ్చు మాఱిన స్థానము మాఱును.

ఈ మూడింటిని గలిపి చూడుడు. మాయామాళవగౌళ అను నామమున మా 5, యా 1, తిరుగవేసిన 15. పదునైదులో నొకటి తీసివేయగా 14. దానిని ఆఱుచే భాగింప లబ్ధము 2, శేషము 2. లబ్ధము రెండు గావున మూడవ చక్రము, అనగా అగ్నిచక్రము. రిషభ గాంధారముల మూడవ జంట ర, గు. శేషము రెండు గావున ధైవత నిషాదముల మూడవ జంట ధ, ను. 36కు లోపలిది గావున శుద్ధమధ్యమము. ఒక్క నామమును విన్నంతనే స-ర-గు-మ-ప-ధ-ను అను మూర్ఛన యంతయు వెలువడుచున్నది. మేచకల్యాణికి మే 5, చ 6, 65వ మేళము. ముప్పదియాఱు తీసివేయ 29. కావున ధీరశంకరాభరణమునకు దీనికిని మధ్యమ మొక్కటియే భేదము. ధీ 9, ర 2, అదియు 29 అగుట చూచితిరా!

పూర్వాంగమును ఉత్తరాంగమును ఒకే రీతి జంటలుగల మేళము లేవని యడిగిన, లెక్క యిట్లు వచ్చును: 1, 8, 15, 22, 29, 36. ఏడేసి యంకెల యెడముతో నడచు నీ వరుసలో తోడి, మాయామాళవగౌళ, ఖరహరప్రియ, శంకరాభరణము చేరియున్నవి. మన సంగీతమున మిక్కిలి ప్రాచుర్యముగల రాగములలో నాలుగు, ఎవరును గూర్పకయే, ఒక్క గణితశ్రేఢిలో నిలిచినవి. చెవి దేని నింపని మెచ్చెనో లెక్కయు దానినే సమరూపమని చెప్పినది. సంఖ్యాభాషలోని నిజమైన విస్మయ మిట్టి చోట్లనే కలదు.

పర్యాయపదములును నియమభంగములును

ఈ భాషకు బర్యాయపదములు గూడ గలవు. వేంకటమఖి గ్రంథమున 72 సంఖ్య సిద్ధించినను, నామము లన్నియు నచ్చట లేవు. తరువాతి వారు రెండు జాబితాలు కల్పించిరి. కనకాంబరి మొదలగునది దీక్షిత సంప్రదాయమువారి జాబితా. కనకాంగి మొదలగునది గోవిందుని సంగ్రహచూడామణితో బ్రసిద్ధమైన జాబితా. రెంటను సంఖ్య యొక్కటియే. 4వ మేళము ఒకచోట భానుమతి, వేఱొకచోట వనస్పతి, రెండును 04. 8వది ఒకచోట జనతోడి, వేఱొకచోట హనుమతోడి. 65వది ఒకచోట శాంతకల్యాణి, వేఱొకచోట మేచకల్యాణి. 72వది రసమంజరి లేక రసికప్రియ. అర్థములు వేఱు, సంఖ్య యొకటి. ప్రాచీనరాగముల పేళ్లను మార్చుటకు సాహసింపక, వానికి ముందొక పూర్వపదము నతికించుట కల్పకుల నేర్పు. తోడికి హనుమ, మాళవగౌళకు మాయా, శంకరాభరణమునకు ధీర, పంతువరాళికి శుభ. సంఖ్య యా పూర్వపదమునందే యున్నది. రాగము దాని వెనుక దన పాతపేరుతో సుఖముగ నున్నది.

ఇక దోషములను జెప్పవలెను. కటపయాదిలో సంయుక్తాక్షరమునకు గడపటి హల్లు ప్రమాణ మని సామాన్యనియమము. సూర్యకాంతము దీనిని పాటించును: సూ 7, ర్య యందలి య 1, 17. రత్నాంగియు బాటించును: ర 2, త్న యందలి న 0, 02. షడ్విధమార్గిణియు నంతే: ష 6, డ్వి యందలి వ 4, 46. కాని చక్రవాక మట్లు గాదు. క్ర యందలి ర ను గైకొన్న 26 అగును. మేళసంఖ్య 16 గావున క ను గైకొనవలసివచ్చుచున్నది. దివ్యమణి (48), విశ్వంభరి (54), చిత్రాంబరి (66) అను నామములయందును మొదటి హల్లే గతి. ఒక్క జాబితాలోనే నియమము రెండు దారుల నడచుచున్నది.

దీక్షిత సంప్రదాయపు జాబితాలో నీ నాలుగు స్థానముల నామములు చూడుడు. 16 తోయవేగవాహిని, 48 జీవంతిక, 54 వంశవతి, 66 చతురంగిణి. వీనిలో మొదటి రెండక్షరములకును సంయుక్తము లేకపోవుటచే సందేహమునకు దావే లేదు. సంపూర్ణక్రమముగల కనకాంగి జాబితా బోధనకు సులభమని నేడు సర్వత్ర వాడుకలోనున్నది. నేను దానిని నిరసించుటలేదు. కాని సంఖ్యాభాషగా జూచిన, ఈ స్థానములలో బ్రాచీనజాబితాయే నిర్దుష్టమని చెప్పక తప్పదు.

తిరుత్తణిలో జరిగినది

ముత్తుస్వామి దీక్షితుల తండ్రి రామస్వామి దీక్షితులు (1735-1817) వేంకటమఖి వంశీయుల యొద్ద మేళపద్ధతి నభ్యసించినవారు. వారు మణలి ముదలియారుల యాదరమున నేటి చెన్నై యుత్తరభాగముననున్న మణలిలో నివసించిరి. నూటయెనిమిది రాగతాళములుగల మాలిక నొకదానిని తెలుగున రచించి వేంకటేశ్వరునకు సమర్పించిరి. సంఖ్యను పూజాద్రవ్యముగా జేయుట కుమారునకు దండ్రి యిచ్చిన సంస్కారమే.

కాశిలో చిదంబరనాథయోగిని సేవించి మణలికి మరలివచ్చిన పిమ్మట ముత్తుస్వామి దీక్షితులు తిరుత్తణికి బోయిరి. అచ్చట ధ్యానమందుండగా సుబ్రహ్మణ్యస్వామి వృద్ధరూపమున వచ్చి నోటియందు గలకండ వేసెనని సంప్రదాయము. ఆ మాధుర్యముతో వెలువడినది శ్రీనాథాది గురుగుహో అను కృతి. రాగము మాయామాళవగౌళ. ఆ కృతి ప్రథమావిభక్తిలో నున్నది. తరువాత ద్వితీయ మొదలు సంబోధన వఱకు గురుగుహుని నామమును విభక్తిక్రమమున నడపి, ఎనిమిది కృతుల సముదాయము నేర్పఱచిరి.

ఇచ్చట నొక ప్రలోభము గలదు. మాయామాళవగౌళ మూడవ చక్రమున మూడవది. ఆ చక్రము పేరు అగ్ని. తిరుత్తణి స్వామి అగ్నిసంభవుడు. మేళకర్తల లెక్క ఆఱును ఆఱుచే గుణించుటపై నాధారపడినది, స్వామి షణ్ముఖుడు. ఇన్ని యాఱులును అగ్నియు నొక్కచోట గూడుట చూచి, దీక్షితులు సంఖ్యాసంకేతముననుసరించియే తొలిరాగము నెన్నుకొనిరని వ్రాయ మనస్సు పుట్టును. అట్లు వ్రాయుట తప్పని నా యభిప్రాయము. అగ్ని యను పేరు మూడు అను సంఖ్యకు బ్రాచీనకాలమునుండి వచ్చినది. షణ్ముఖునికై యేర్పడినది కాదు. జంట లాఱగుటకు నాలుగు స్థానములలో రెండింటిని గైకొనుట కారణము గాని దైవముఖముల సంఖ్య కారణము కాదు. ప్రారంభవిద్యార్థులకు మాయామాళవగౌళతో స్వరావళులు నేర్పు నాచారము పురందరదాసుల కాలమునుండి వచ్చినదని ప్రతీతి. తొలిపాఠపు రాగమున దొలికృతి పాడుట సహజము.

ఎనిమిది కృతుల రాగములకు సంఖ్యాక్రమ మేమైన గలదేమో చూచిన, అదియు లేదు. మొదటిది 15వ మేళము. రెండవదగు ఆనందభైరవి ఆ సంప్రదాయమున 20వ మేళమునకు జెందినది. మూడవదగు పాడి మరల 15. ఏడవది భానుమతి, 4వ మేళము. ఎక్కుటయు లేదు, దిగుటయు లేదు. కృతికర్త రాగముల నెన్నుకొన్నది భావమును బట్టియే గాని యంకెను బట్టి కాదు.

మఱి గణిత మేమయ్యె నందురా? అది వ్యాకరణముగా మారినది. ఎనిమిది విభక్తులు క్రమము దప్పక నడచినవి. గురువు మొదట కర్త; పిదప భజింపదగిన కర్మ; అతనిచే రక్షణ; అతనికి నమస్కారము; అతనికంటె నన్యము లేమి; అతని దాస్యము; అతనియందు భక్తి; కడపట ముఖాముఖిగా బిలుపు. బాలుడు ఒకటి రెండని లెక్కించినట్లు భక్తుడు విభక్తులు లెక్కించుచు, ఎవనిగూర్చియో పలుకు మాటనుండి యెదుటనున్నవానితో బలుకు మాటకు వచ్చుచున్నాడు. సంఖ్యాభాష మోసికొనివచ్చిన క్రమశిక్షణ యిచ్చట భావమునకు మెట్లుగా నిలిచినది. ఎక్కినవాడు మెట్ల లెక్కను మఱచినను నష్టములేదు. ఈ కృతులయందు గొప్పతన మిది యని నేను తలంతును; రహస్యసంకేతము లేదేని వాని విలువ తగ్గదు.

తరువాతి వాగ్గేయకారు లీ భాషను మఱొకరీతి బరీక్షించిరి. మహావైద్యనాథయ్యరు (1844-1893) 72 మేళరాగముల మాలికను సంస్కృతమున గూర్చి, ప్రతిరాగనామమును సాహిత్యమున నిమిడ్చిరి. కోటీశ్వరయ్యరు తమిళమున 72 మేళములయందును స్కందునిపై గృతులు రచించిరి. మన మంగళంపల్లి బాలమురళీకృష్ణ (1930-2016) యౌవనముననే జనకరాగకృతులను రచించి 1952లో బ్రకటించిరి. వేంకటమఖి విడిచిన శూన్యపు గదులలో నిట్లు ముగ్గురు మూడు మార్గముల దీపములు పెట్టిరి. వారిలో సంస్కృతము, తమిళము, తెలుగు మూడును గలవు. ఈ విద్య యే యొక్క భాషాజనుల సొత్తును గాదు.

లిపి విషయము

అయినను లిపివిషయమున మనకొక ప్రత్యేకబాధ్యత గలదు. ముత్తుస్వామి దీక్షితుల తమ్ముడగు బాలస్వామి దీక్షితుల దత్తపుత్రుడు సుబ్బరామ దీక్షితులు (1839-1906) ఎట్టయపురము సంస్థానమున నుండి సంగీతసంప్రదాయప్రదర్శిని యను మహాగ్రంథమును 1904లో బ్రకటించిరి. చిన్నస్వామి ముదలియారను తమిళ క్రైస్తవవిద్వాంసుని ప్రోత్సాహము దానికి ముఖ్యకారణము. ముత్తుస్వామి దీక్షితుల కృతులు 229 దానియందు స్వరపఱుపబడినవి. తమిళదేశమున, తమిళుని ప్రేరణచే, సంస్కృతకృతులను వెల్లడించిన యా గ్రంథము తెలుగుభాషలో, తెలుగులిపిలో నచ్చయ్యెను. తరువాత మద్రాసు సంగీతవిద్వత్సభవారు దానిని తమిళలిపిలో బ్రకటించి మహోపకారము చేసిరి.

తెలుగులిపిలో నచ్చగుటకు గారణము లెన్నియో యుండవచ్చును. కాని ప్రయోజన మొకటి స్పష్టము. కటపయాదికి వర్గాక్షరము లయిదును వేర్వేఱుగ గనబడవలెను. తమిళలిపి క, ఖ, గ, ఘ లకు ఒక్క యక్షరమునే వాడును. త, థ, ద, ధ లకును నంతే. అది యా భాషకు లోపము కాదు. ఆ భాషాశబ్దముల కది చాలును. కాని మేళనామముల నందు వ్రాసిన సంఖ్య చెడును. ఖరహరప్రియ కరహరప్రియ యగును. 22 పోయి 21 వచ్చును, అది కీరవాణి స్థానము. ధీరశంకరాభరణము తీరశంకరాభరణమగును, 29 పోయి 26, అది చారుకేశి. ధేనుక తేనుకయైన 09 పోయి 06, అది తానరూపి. భవప్రియ పవప్రియయైన 44 పోయి 41, అది పావని. ఒక రాగము పేరు వ్రాయబోయి వేఱొక రాగము సంఖ్యను వ్రాసినవార మగుదుము. అందులకే తమిళసంగీతగ్రంథములలో నక్షరము ప్రక్కన 2, 3, 4 అను చిన్నయంకెలు వేసి వర్గాక్షరభేదమును జూపుదురు. అంకెను దాచుకొన్న యక్షరమును గాపాడుటకు మరల నంకెయే రావలసివచ్చినది!

ఇట్లని మనము గర్వింప బనిలేదు. మనవారే నఠభైరవిని నటభైరవి యని వ్రాయుచున్నారు. ఠ రెండు, ట ఒకటి. నఠ యన్న 20. నట యన్న 10, అది నాటకప్రియ స్థానము. షడ్విధమార్గిణిని శకారముతో వ్రాసిన 46కు బదులు 45 అగును, అది శుభపంతువరాళి. శూలినిలోని లకారము 3 గావున 35 సిద్ధించుచున్నది. దానిని ళకారము చేసిన లెక్క నిలువదు. మహాప్రాణములను, శ ష స లను నోట గలిపివేయు నలవాటు మనలో బ్రబలుచున్నది. లిపి యున్నను ఉచ్చారణ లేకున్న నది పెట్టెయందు బెట్టిన వీణవంటిది.

ముగింపు

1959 నాటి సరిహద్దుల మార్పు చట్టముచే, 1960 ఏప్రిల్ 1వ తేదీన తిరుత్తణి చిత్తూరు జిల్లానుండి మద్రాసు రాష్ట్రమున గలిసినది. బదులుగా తిరువళ్లూరు, పొన్నేరి తాలూకాలలోని గ్రామములు కొన్ని ఆంధ్రప్రదేశమునకు వచ్చినవి. 1997లో దిరువళ్లూరు జిల్లా యేర్పడగా తిరుత్తణి యందు జేరినది. రాష్ట్రములు మారినను కొండ మారలేదు, కోనేరు మారలేదు. తిరువళ్లూరు వీరరాఘవస్వామి యాలయము నేటికిని అహోబిలమఠమువారి పాలనలోనే యున్నది. తమిళ తెలుగు జనులు చేయిచేయి కలిపి నడచిన దారి యిది. ఆ యిరుగుపొరుగుతనమును నేను గొనియాడుచున్నాను.

కాని మన యిండ్లలో దెలుగు మాటలాడు పిల్లలనేకులు తెలుగక్షరము లెఱుగరు. వారు సంగీతపాఠమును తమిళాక్షరములలోనో ఇంగ్లీషు అక్షరములలోనో వ్రాసికొందురు. రాగమును జక్కగ బాడుదురు, నామము నుచ్చరింతురు, అందలి సంఖ్య మాత్రము వారికి గానరాదు. కొంత కాలమునకు మేళనామములు వారికి వట్టిపేళ్లుగా మిగులును. భాష చచ్చుట యన నిదియే; శబ్దముండును, అర్థము పోవును.

దీనికి మందు మిక్కిలి చిన్నది. డెబ్బదిరెండు నామములు ఒక్క పుటలో నిముడును. ఆ పుటలో హల్లులు, మహాప్రాణములు, సంయుక్తములు పెక్కు వచ్చును. వర్ణమాల నేర్పుటకు దీనికి మించిన పాఠమును నేనెఱుగను. మన సంఘము వారు శుద్ధమైన వర్ణక్రమముతో నీ నామముల పట్టికను తెలుగున నచ్చువేయించి, సంగీత మభ్యసించు ప్రతి బాలునకు బాలికకు నొసగినచో, పిల్లలు లెక్క సరిచూచుకొనుటకై యక్షరములు నేర్తురు. అక్షరములు నేర్చుటచే లెక్క సరిచూచుకొందురు. ఒకటి తప్పిన రెండవది దిద్దును. ఇది తెలుగుబిడ్డలకే కాదు, నేర్వగోరు తమిళసోదరుల బిడ్డలకును ఉపకరించును.

ఈ వ్యాసమున నేను చూపిన లెక్కలన్నియు పాఠకులు స్వయముగ వేసి చూడదగినవి. తప్పులున్న విజ్ఞులు దిద్దెదరుగాక. సరియైనవని తోచిన, మొదట నఠభైరవిని ఠకారముతో వ్రాయుట ప్రారంభింతురుగాక.